నిర్దోషులుగా తేలిన పాఠశాల సిబ్బందికి సస్పెన్షన్ కాలపు పూర్తి జీతం చెల్లించాలి: మహాసభ తీర్మానం

పాఠశాల ఉపాధ్యాయ, బోధనేతర సిబ్బంది సంఘం జిల్లా మహాసభలో న్యాయ సహాయ ఉపసంఘం ప్రతిపాదించగా, ఎయిడెడ్ పాఠశాలల ప్రతినిధులు, బోధనేతర సిబ్బంది ప్రతినిధులు బలపరచగా, చర్చ అనంతరం ఆమోదించిన తీర్మానం.

విచారణ సాగుతున్నంత కాలం ఉద్యోగిని విధులకు దూరంగా ఉంచే సస్పెన్షన్ తాత్కాలిక ఏర్పాటే తప్ప శిక్ష కాదని ప్రభుత్వమూ చెబుతుంది, న్యాయస్థానాలూ చెబుతాయి. 1991 నాటి ఆంధ్రప్రదేశ్ సివిల్ సర్వీసుల వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు నియమాల్లో 8వ నియమం పై అధికారికి ఆ అధికారం ఇచ్చింది. ఆరోపణ వచ్చినప్పుడు రికార్డులు తారుమారు కాకుండా, సాక్షుల మీద ఒత్తిడి రాకుండా, బడిలో పిల్లలు భయపడకుండా చూడడానికి అలాంటి అధికారం ఉండాలని ఈ మహాసభ కూడా నమ్ముతోంది. పిల్లల మీద లైంగిక నేరాల ఆరోపణ వచ్చిన చోట ఆ ఉద్యోగిని ఆ రోజే బడి నుంచి దూరం పెట్టాలన్న విషయంలో మాకు రెండో మాట లేదు. సస్పెన్షన్లు ఎత్తివేయాలని మేం అడగడం లేదు. విచారణ ముగిసి, అభియోగాలు రుజువు కాలేదని సంబంధిత అధికారే సంతకం చేసి ఉత్తర్వు ఇచ్చాక కూడా ఆ ఉద్యోగికి సగం జీతమే మిగలడం, సర్వీసులో ఖాళీ పడడం ఏ న్యాయం అని అడుగుతున్నాం.

బడుల్లో సస్పెన్షన్లు ఎలా మొదలవుతాయో ఈ సభలో ఉన్నవారందరికీ తెలుసు. మధ్యాహ్న భోజనంలో గుడ్ల లెక్కకు, హాజరు పట్టికకు పొంతన కుదరలేదని, బడి భవనాల మరమ్మతు పనుల బిల్లులో తేడా ఉందని, ఎన్నికల విధికి ఆలస్యంగా వచ్చారని, పదో తరగతి పరీక్ష గదిలో నిఘా సరిగా లేదని, పిల్లవాడిని కొట్టారని, అధికారి తనిఖీకి వచ్చిన వేళ తరగతిలో లేరని అభియోగాలు వస్తాయి. వీటిలో నిజమైనవి ఉంటాయి. విద్యాహక్కు చట్టం 17వ సెక్షన్ పిల్లలను శారీరకంగా శిక్షించడాన్ని నిషేధించింది. ఆ తప్పు చేసినవారిని ఈ సంఘం వెనకేసుకు రాదు. అయితే నిజం కానివీ ఉంటాయి. తనిఖీ జరిగిన సాయంత్రమే సస్పెన్షన్ ఉత్తర్వు వస్తుంది. అభియోగ పత్రం నెలలు గడిచాక వస్తుంది. విచారణాధికారిని వేయడానికి మరికొంత కాలం పడుతుంది. వేసిన అధికారి బదిలీ అయితే మళ్లీ మొదటికొస్తుంది. మామూలు కేసులను 3 నెలల్లో, చిక్కైన కేసులను 6 నెలల్లో ముగించాలని ఉమ్మడి రాష్ట్ర సాధారణ పరిపాలన శాఖ 2008లోనే ఆదేశాలిచ్చింది. ఆ గడువు దాటిపోతుంటే ఉద్యోగిని ఇంట్లో కూర్చోబెట్టినవారిని అడిగే నాథుడు లేడు.

ఈ కాలమంతా ఉద్యోగి బతకడానికి ప్రభుత్వం ఇచ్చేది సబ్‌సిస్టెన్స్ అలవెన్స్ అని అందరం పిలిచే జీవనభృతి. ఫండమెంటల్ రూల్స్ (ఎఫ్‌ఆర్) 53వ నియమం ప్రకారం అది అర్ధవేతన సెలవు జీతానికి సమానం. 60,000 రూపాయల మూలవేతనం ఉన్న స్కూల్ అసిస్టెంటుకు 30,000, దాని మీద కరువు భత్యం (డీఏ) వస్తాయి. తొలి నెలలు గడిచాక సమీక్ష చేయాలి. ఆలస్యానికి ఉద్యోగి కారణం కాకపోతే భృతిని అందులో సగం మేరకు, అంటే 45,000 దాకా పెంచవచ్చు. ఉద్యోగే జాప్యం చేస్తున్నాడని తేలితే 15,000 దాకా తగ్గించవచ్చు. పెంచే అధికారం కాగితం మీద ఉంది. సమీక్ష చేయాల్సిన తేదీని గుర్తుపెట్టుకునే కార్యాలయాలు మాత్రం అరుదు. సమీక్ష లేకుండా 24 నెలలు గడిస్తే ఆ ఉపాధ్యాయుడు ఒక్క మూలవేతనంలోనే 7,20,000 రూపాయలు నష్టపోతాడు. డీఏ తేడా, ఆగిన ఇంక్రిమెంట్లు ఇందులో కలపలేదు.

ఆ భృతి కూడా ఊరికే రాదు. వేరే ఉద్యోగం గానీ వ్యాపారం గానీ వృత్తి గానీ చేయడం లేదని ఉద్యోగి రాసి సంతకం పెట్టి ఇస్తేనే బిల్లు అవుతుంది. అనుమతి లేకుండా హెడ్‌క్వార్టర్స్ విడిచి వెళ్లకూడదు. ఇటు బడిలో పని చేయనివ్వరు, అటు బయట పని చేసుకోనివ్వరు. ఇంటి అప్పు వాయిదాలు, పిల్లల కాలేజీ ఫీజులు, బీమా ప్రీమియం ఏవీ సగానికి తగ్గవు. ఊళ్లో వచ్చే మాట సంగతి ఏ లెక్కల్లోకీ రాదు. నలభై మంది పిల్లలకు ఎదురుగా నిలబడి పాఠం చెప్పిన మనిషి కిరాణా కొట్టుకు వెళ్లాలంటే చీకటి పడేదాకా ఆగే పరిస్థితి మా సభ్యుల ఇళ్లలో చూశాం. దీనికి ఏ నియమమూ పరిహారం ఇవ్వలేదు. ఇవ్వగలిగిన జీతమైనా ఇవ్వాలి కదా.

ఇక అసలు చిక్కు ఎఫ్‌ఆర్ 54-బి దగ్గర ఉంది. సస్పెండ్ అయిన ఉద్యోగిని తిరిగి విధుల్లోకి తీసుకునేటప్పుడు ఆ కాలానికి ఎంత జీతం ఇవ్వాలి, ఆ కాలాన్ని డ్యూటీగా లెక్కించాలా వద్దా అన్న రెండు విషయాల మీద అధికారి నిర్దిష్టమైన ఉత్తర్వు ఇచ్చి తీరాలని ఆ నియమం చెబుతుంది. సస్పెన్షన్ పూర్తిగా అసమంజసమని అధికారి అభిప్రాయపడితే పూర్తి జీతభత్యాలు ఇచ్చి, అన్ని ప్రయోజనాలకూ డ్యూటీగా పరిగణించాలి. అలా అభిప్రాయపడకపోతే పూర్తి జీతం కన్నా తక్కువగా ఎంత ఇవ్వాలో తేల్చాలి. తేల్చే ముందు ఉద్యోగికి నోటీసు ఇచ్చి, అతని వివరణ తీసుకోవాలి.

గమనించండి, అభియోగాలు రుజువు కాకపోతే పూర్తి జీతం ఇవ్వాలని ఈ నియమం నేరుగా చెప్పలేదు. అందుకే కార్యాలయాల్లో ఒక వాదన అలవాటైపోయింది. అభియోగం రుజువు కాలేదు, నిజమే. కానీ సస్పెండ్ చేసిన రోజున ప్రాథమిక ఆధారాలు ఉన్నాయి కాబట్టి సస్పెన్షన్ పూర్తిగా అసమంజసం కాదు అంటారు. ఆ ఒక్క వాక్యంతో, నిర్దోషి అని తేలిన మనిషి సస్పెన్షన్ కాలాన్ని డ్యూటీ కాదని రాసేస్తారు. కొంత దయ చూపామనుకున్న చోట 'అర్హత గల సెలవుగా పరిగణించడమైనది' అని రాస్తారు. అంటే ఆ ఉద్యోగి ఏళ్ల తరబడి దాచుకున్న అర్ధవేతన సెలవు, సంపాదిత సెలవు అతను అడగని రోజులకు ఖర్చయిపోతుంది. ప్రభుత్వం బడికి రావద్దంది. ఆ రాకపోవడానికి తన సెలవు తానే చెల్లించుకోవాలంది. దీన్ని ఈ మహాసభ అంగీకరించదు.

ఇదే ఫండమెంటల్ రూల్స్‌లో 54వ నియమం చూస్తే ఈ అన్యాయం ఇంకా స్పష్టమవుతుంది. ఉద్యోగం నుంచి తొలగించిన తర్వాత అప్పీలులో పూర్తిగా నిర్దోషి అని తేలి తిరిగి వచ్చినవారికి పూర్తి జీతభత్యాలు ఇవ్వాలని ఆ నియమం చెబుతుంది. తొలగింపుకు ముందు సస్పెన్షన్‌లో ఉన్న కాలానికి కూడా ఇవ్వాలంటుంది. అక్కడ చూసేది ఉద్యోగి నిర్దోషా కాదా అన్నదే. అంటే విచారణలో తప్పు తేలి, ఉద్యోగం పోయి, పై అధికారి దగ్గర గెలిచిన వ్యక్తికి పూర్తి జీతం హక్కుగా వస్తుంది. మొదటి విచారణలోనే తప్పు లేదని తేలిన వ్యక్తి మాత్రం సస్పెన్షన్ అసమంజసమని అధికారి ఒప్పుకునేదాకా ఆగాలి. తన ఉత్తర్వు తప్పని తానే రాయాల్సిన స్థితిలో ఏ అధికారి అయినా ఎంత వెనకాడుతాడో ఊహించడం కష్టం కాదు.

54-బి లోనే ఇంకో నిబంధన ఉంది. సస్పెన్షన్‌లో ఉండగా, విచారణ ముగియక ముందే ఉద్యోగి మరణిస్తే ఆ కాలాన్ని డ్యూటీగానే పరిగణించి, ఇచ్చిన భృతి మినహాయించి మిగిలిన పూర్తి జీతం కుటుంబానికి ఇవ్వాలి. ఇది మానవత్వం ఉన్న నిబంధన. మేం మనస్ఫూర్తిగా స్వాగతిస్తాం. విచారణ పూర్తికాని మృతుడికి దక్కిన ఈ న్యాయం, విచారణ ముగిసి మచ్చ లేకుండా బయటపడిన బతికున్న ఉపాధ్యాయుడికి ఎందుకు దక్కదు?

న్యాయస్థానాలు ఈ విషయం మీద మౌనంగా లేవు. ఎం. గోపాలకృష్ణ నాయుడు కేసులో 1967లోనే సుప్రీంకోర్టు, ఇలాంటి జీతం ఉత్తర్వు ఉద్యోగికి నష్టం కలిగిస్తుంది గనుక అతని మాట వినకుండా ఇవ్వకూడదని తేల్చింది. ఆయన 1947లో సస్పెండ్ అయిన ఓవర్‌సీర్. అభియోగాలు రుజువు కాలేదని ప్రభుత్వం ఒప్పుకునేసరికి 1960 వచ్చింది. అప్పటికి పదవీ విరమణ వయసు కూడా దాటింది. అయినా జీతం ఇవ్వబోమన్నారు. ఆ తీర్పు వచ్చి ఇన్ని దశాబ్దాలైనా నోటీసు లేకుండా, ఒక్క పంక్తి కారణం లేకుండా 'నాన్ డ్యూటీ' అని రాసిన ప్రొసీడింగ్స్ ఇప్పటికీ మా ఉపసంఘం ముందుకు వస్తున్నాయి.

పని చేయలేదు కనుక జీతం లేదన్న వాదనకు 1991లో కె.వి. జానకిరామన్ కేసులో సమాధానం వచ్చింది. పని చేయడానికి సిద్ధంగా ఉన్న ఉద్యోగిని అతని తప్పు లేకుండా యాజమాన్యమే దూరం పెట్టినప్పుడు ఆ సూత్రం వర్తించదని సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. బడికి సంబంధించిన తీర్పు ఇంకా సూటిగా ఉంది. మహారాష్ట్రలో ఒక ట్రస్టు నడిపే ప్రాథమిక పాఠశాల ఉపాధ్యాయురాలిని యాజమాన్యం సస్పెండ్ చేసి, ఆ తర్వాత తీసేసింది. పాఠశాల ట్రిబ్యునల్ ఆమెకు ఉద్యోగంతో పాటు వెనకటి జీతం మొత్తం ఇమ్మంటే హైకోర్టు ఆ జీతం కొట్టేసింది. దీపాలి గుండు సుర్వసే కేసుగా అందరికీ తెలిసిన ఆ వ్యవహారంలో 2013 ఆగస్టు 12న సుప్రీంకోర్టు ఆమె జీతాన్ని పునరుద్ధరించింది. తప్పుగా తీసేసిన ఉద్యోగికి వెనకటి జీతంతో సహా ఉద్యోగం ఇవ్వడమే సాధారణ నియమమని, ఆ కాలంలో ఆమె మరోచోట సంపాదించిందని యాజమాన్యం అంటే దాన్ని నిరూపించాల్సిన బాధ్యత యాజమాన్యానిదేనని చెప్పింది. ప్రభుత్వ బడిలో ఈ నిరూపణకు అవకాశమే లేదు. వేరే పని చేయడం లేదని ఉద్యోగి ఇచ్చిన ధ్రువపత్రాలు, వాటి ఆధారంగా అయిన బిల్లులు జీతాల బిల్లులు చేసే డ్రాయింగ్ అధికారి బీరువాలోనే ఉన్నాయి.

మా వాదనకు అనుకూలంగా లేని తీర్పులూ ఉన్నాయని ఈ మహాసభ దాచదు. నేర కేసులో కోర్టు విడుదల చేసినంత మాత్రాన వెనకటి జీతం దానంతట అదే రాదని సుప్రీంకోర్టు 1996లో రణ్‌ఛోడ్‌జీ చతుర్‌జీ ఠాకోర్ కేసులోనూ, ఆ తర్వాతా చెప్పింది. శాఖతో సంబంధం లేని సొంత వ్యవహారంలో కేసు పడి జైలుకు వెళ్లినప్పుడు ఉద్యోగి పని చేయలేకపోవడానికి ప్రభుత్వం కారణం కాదన్నది ఆ తీర్పుల వెనక ఉన్న తర్కం. ఆ తర్కం సబబుగానే ఉంది. అలాంటి కేసులను ఈ తీర్మానంలో కలపడం లేదు. శాఖ తానే అభియోగం మోపి, తానే సస్పెండ్ చేసి, తానే విచారణ జరిపి, చివరికి తానే రుజువు కాలేదన్న కేసుల గురించీ, శాఖ ఫిర్యాదు మీదే నమోదై వీగిపోయిన నేర కేసుల గురించీ మాట్లాడుతున్నాం. సంశయ లాభం కింద విడుదల అన్న మాట కోర్టు తీర్పులో కనబడగానే జీతం తగ్గించే పద్ధతి సరికాదు. శాఖాపరమైన విచారణలో కూడా ఏమీ తేలనప్పుడు ఆ మాటను పట్టుకుని వేలాడడానికి ఆధారం ఉండదు.

ప్రజల డబ్బు పని చేయని వ్యక్తికి ఎందుకు ఇవ్వాలని అడిగేవారు ఉంటారు. చర్చలో కొందరు ప్రతినిధులు కూడా ఈ ప్రశ్న వేశారు. ఇది నిజాయితీ ఉన్న ప్రశ్న. పని లేకుండా జీతం ఇవ్వాల్సి రావడానికి కారణం విచారణ సాగదీయడం. దాన్ని 3 నెలల్లో ముగిస్తే ఖర్చు 3 నెలలకే. సస్పెన్షన్ అవసరం లేని చోట మరో మండలానికి బదిలీ చేసి విచారిస్తే ఆ ఖర్చు కూడా ఉండదు, పిల్లలకు పాఠమూ తప్పదు. ఏకోపాధ్యాయ పాఠశాలలో ఉన్న ఒక్కరినీ సస్పెండ్ చేస్తే పక్క ఊరి బడి నుంచి వారానికి మూడు రోజులు ఒకరిని పంపుతారు; రెండు బడులూ దెబ్బతింటాయి. ఉన్నత పాఠశాలలో లెక్కల మాస్టారు ఒక్కరే ఉండి ఆయనే సస్పెండ్ అయితే పదో తరగతి పిల్లల సంవత్సరం పోతుంది. ఈ నష్టాన్ని ఏ ఖజానా లెక్కా చూపించదు గనుక అది లేనట్టే నడుస్తోంది.

ఇంకొక సంగతి. పూర్తి జీతం ఉత్తర్వు వచ్చినంత మాత్రాన చేతికి డబ్బు రాదు. బకాయి బిల్లు పెట్టాలంటే ఇంక్రిమెంట్లు వేసి, ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కేలు తేదీలు సరిదిద్ది, మధ్యలో వేతన సవరణ (పీఆర్‌సీ) వచ్చి ఉంటే వేతన స్థిరీకరణ మళ్లీ చేసి, సర్వీసు రిజిస్టరులో నమోదు చేయాలి. పాత క్లెయిమ్ కాబట్టి పై మంజూరు కావాలంటారు. 2004 సెప్టెంబరు 1 తర్వాత చేరి కాంట్రిబ్యూటరీ పెన్షన్ పథకంలో ఉన్నవారికి ఇంకో నష్టం ఉంది. సస్పెన్షన్ ఏళ్లలో వారి వాటా, ప్రభుత్వ వాటా తగ్గిపోతాయి లేదా ఆగిపోతాయి. తర్వాత అసలు జమ చేసినా, ఆ ఏళ్లలో ఆ డబ్బు మీద రావాల్సిన రాబడి రాదు. పదవీ విరమణ నాటికి పింఛను ఆ మేరకు తగ్గుతుంది. రెండు రాష్ట్రాల్లోనూ పరిపాలనా ట్రిబ్యునళ్లు రద్దయ్యాక, జూనియర్ అసిస్టెంటైనా అటెండరైనా తన బకాయి కోసం హైకోర్టు మెట్లెక్కాల్సిందే. ఆ ఖర్చు భరించలేక వచ్చిన దానితో సర్దుకుపోయినవారు ఎక్కువ.

ఎయిడెడ్ పాఠశాలల సిబ్బందికి 1982 ఆంధ్రప్రదేశ్ విద్యా చట్టం 79వ సెక్షన్‌లో ఒక రక్షణ ఉంది. తీవ్రమైన దుష్ప్రవర్తన మీద విచారణ తలపెట్టినప్పుడు తప్ప సస్పెండ్ చేయకూడదు. ఆ సస్పెన్షన్ 2 నెలలకు మించి సాగకూడదు. ఆలస్యానికి ఉద్యోగే నేరుగా కారణమైతే తప్ప గడువు పెంచడానికి లేదు. గడువులోగా విచారణ ముగియకపోతే ఉద్యోగి తిరిగి విధుల్లోకి వచ్చినట్టే లెక్క. ప్రైవేటు యాజమాన్యం మీద ఇంత కచ్చితమైన గడువు పెట్టిన ప్రభుత్వం తన సొంత బడుల్లో, జిల్లా పరిషత్ బడుల్లో ఆ గడువు పాటించకపోవడాన్ని ఈ మహాసభ ఎత్తి చూపుతోంది.

కస్తూర్బా గాంధీ బాలికా విద్యాలయాల్లో కాంట్రాక్టు మీద పనిచేసే ఉపాధ్యాయినులకు, ఔట్‌సోర్సింగ్ సిబ్బందికి, భోజనం వండే మహిళలకు సస్పెన్షన్ అన్న మాటే లేదు. రేపటి నుంచి రావద్దంటారు. విచారణా లేదు, భృతీ లేదు. తప్పు లేదని తేలాక పిలిచినా ఆ నెలల జీతం గురించి అడగడానికి ఏ నియమమూ వారికి వర్తించదు. ఈ తీర్మానంలో వారి సంగతి చివరగా రావడం వారి బాధ చిన్నదై కాదు. వారికి నియమమే లేకపోవడం వల్ల.

పై విషయాలన్నీ పరిశీలించిన మీదట ఈ మహాసభ ఈ కింది విధంగా తీర్మానిస్తోంది.

శాఖాపరమైన విచారణలో అభియోగాలు రుజువు కాలేదని తేలినా, ఉపసంహరించుకున్నా, అప్పీలులో కొట్టేసినా ఆ సస్పెన్షన్‌ను పూర్తిగా అసమంజసమైనదిగానే పరిగణించి, ఆ కాలాన్ని అన్ని ప్రయోజనాలకూ డ్యూటీగా లెక్కించి, ఇచ్చిన భృతి మినహాయించి పూర్తి జీతభత్యాలు చెల్లించేలా ఎఫ్‌ఆర్ 54-బిని సవరించాలని ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రభుత్వాలను ఈ మహాసభ డిమాండ్ చేస్తోంది. 54వ నియమంలో తొలగింపుకు గురై నిర్దోషులైనవారికి ఉన్న హక్కు సస్పెండై నిర్దోషులైనవారికీ ఉండాలి. ఈ తీర్మానంలో మిగతావన్నీ దీని తర్వాతవే. సవరణ వచ్చేలోగా ఇదే అర్థంతో ఆర్థిక శాఖ స్పష్టీకరణ మెమో ఇవ్వాలి.

స్వల్ప శిక్షతో ముగిసిన కేసుల్లో సస్పెన్షన్‌ను పూర్తిగా అసమంజసంగా భావించి పూర్తి జీతం ఇవ్వాలని కేంద్ర ప్రభుత్వం తన ఉద్యోగులకు 1985 డిసెంబరు 3న ఉత్తర్వు ఇచ్చింది. మందలింపుతో సరిపెట్టిన తప్పుకు రెండేళ్ల సగం జీతం పోగొట్టడం శిక్ష కన్నా పెద్ద శిక్ష. పాఠశాల సిబ్బంది విషయంలో రెండు రాష్ట్రాలూ ఆ ఉత్తర్వునే ప్రమాణంగా తీసుకోవాలి.

విచారణ ముగింపు ఉత్తర్వులోనే జీతం, సర్వీసు సంగతి తేల్చాలి. విడిగా ఇవ్వాల్సి వస్తే 30 రోజులు దాటకూడదు. పూర్తి జీతం కన్నా తక్కువ ఇవ్వాలనుకుంటే నోటీసు, వివరణ, కారణాలతో కూడిన ఉత్తర్వు తప్పనిసరి. సస్పెండ్ చేసిన అధికారి కాకుండా ఆ పై అధికారి ఆ ఉత్తర్వు ఇవ్వాలి. ఉద్యోగి రాతపూర్వకంగా కోరితే తప్ప సస్పెన్షన్ కాలాన్ని ఏ రకమైన సెలవుగానూ మార్చకూడదు. ఇప్పటికే అలా మార్చిన నిర్దోషుల సెలవు ఖాతాలను సరిదిద్దాలి.

అభియోగ పత్రం ఇవ్వకుండా సస్పెన్షన్ 3 నెలలకు మించి సాగకూడదని అజయ్ కుమార్ చౌదరి కేసులో సుప్రీంకోర్టు 2015లో చెప్పింది. జిల్లా విద్యాశాఖాధికారులు, ప్రాంతీయ సంయుక్త సంచాలకులు దీన్ని అక్షరాలా అమలు చేయాలి. ప్రతి జిల్లాలో సస్పెన్షన్‌లో ఉన్న సిబ్బంది జాబితాను, ఎవరి కేసు ఏ దశలో ఉందో, భృతి సమీక్ష ఎప్పుడు జరిగిందో నెలనెలా సమీక్షించాలి. భృతి ఆగిన ఉద్యోగి మీద విచారణ కొనసాగించకూడదు. భృతి ఇవ్వక, విచారణకు వచ్చే స్తోమతు కూడా లేకుండా చేసి జరిపిన విచారణ చెల్లదని ఘనశ్యామ్ దాస్ శ్రీవాస్తవ కేసులో 1973లోనే తేలింది.

బకాయిలు ఉత్తర్వు తేదీ నుంచి 60 రోజుల్లో చెల్లించాలి. ఆపైన ఆలస్యమైతే 6 శాతం వడ్డీ ఇవ్వాలి. కరోనా కాలంలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం వాయిదా వేసిన జీతాలు, పింఛన్ల మీద దినవాహి లక్ష్మీకామేశ్వరి కేసులో సుప్రీంకోర్టు 2021లో ఇదే 6 శాతం వడ్డీ ఇవ్వమంది. విపత్తు వేళ ఆపిన జీతానికే వడ్డీ ఉన్నప్పుడు విచారణ పేరుతో ఏళ్లపాటు ఆపిన జీతానికి ఉండకపోవడానికి కారణం లేదు. కాంట్రిబ్యూటరీ పెన్షన్ సభ్యుల ఖాతాలో రెండు వాటాలతో పాటు పోగొట్టుకున్న రాబడికి సమానమైన మొత్తం ప్రభుత్వమే జమ చేయాలి. బకాయిలు ఒకే ఏడాదిలో చేతికి వచ్చి పన్ను భారం పెరిగితే ఏ సంవత్సరం జీతం ఎంతో చూపే పట్టికను డ్రాయింగ్ అధికారి బకాయితో పాటే ఇవ్వాలి.

కాంట్రాక్టు, ఔట్‌సోర్సింగ్, గౌరవ వేతన సిబ్బందిని ఆరోపణ మీద విధులకు దూరంగా ఉంచితే రాతపూర్వక ఉత్తర్వు, సగం వేతనం, 2 నెలల్లో విచారణ, తప్పు లేదని తేలితే మిగతా సగం చెల్లింపు ఉండేలా సమగ్ర శిక్ష కార్యాలయాలు నిబంధనలు రూపొందించాలి.

ఈ డిమాండ్ల కోసం ప్రభుత్వాలకు వినతిపత్రం ఇవ్వడంతో ఊరుకోకుండా సంఘం తన వంతు పని చేయాలని కూడా తీర్మానించడమైనది. సస్పెండైన సభ్యుడికి తొలి వారంలోనే భృతి బిల్లు, ధ్రువపత్రం, సమీక్ష తేదీల విషయంలో మండల శాఖ సాయం చేయాలి. అభియోగాలు వీగిపోయాక 54-బి కింద వివరణ రాయడానికి న్యాయ సహాయ ఉపసంఘం నమూనా పత్రం తయారు చేయాలి. తప్పు చేసినట్టు రుజువైనవారి తరఫున ఈ సాయం ఉండదు.

ఈ తీర్మానం ప్రతులను రెండు రాష్ట్రాల పాఠశాల విద్యాశాఖ, ఆర్థిక శాఖ, సాధారణ పరిపాలన శాఖ ముఖ్య కార్యదర్శులకు, పాఠశాల విద్యా సంచాలకులకు, ఉపాధ్యాయ నియోజకవర్గాల శాసనమండలి సభ్యులకు పంపాలని జిల్లా కార్యదర్శిని మహాసభ ఆదేశించింది. నిర్దోషులుగా తేలినా సస్పెన్షన్ కాలాన్ని నాన్ డ్యూటీగానో సెలవుగానో రాయించుకున్న సభ్యులు, పదవీ విరమణ చేసినవారూ తమ ఉత్తర్వుల నకళ్లను మండల శాఖకు అందజేయాలని కోరుతోంది. తీర్మానాన్ని సభ ఏకగ్రీవంగా ఆమోదించింది.